ఆడపిల్లే కదా!



ఎదురింటి పనిమనిషి మానేసిందనీ, పక్కవీధిలో కొత్తగా బట్టలకొట్టు పెట్టారనీ మనం చెప్పుకుంటూ ఉంటే, "ఇవేం కబుర్లు!" అని మగవాళ్లు తీసిపారేస్తారు. అలాంటి కబుర్లలోంచే తన దేశం కథ చెప్పిన ఒక రచయిత్రి గురించి ఈవేళ చెప్పుకుందాం. ఆవిడ పేరు లీసె నోర్‌గోర్. దేశం డెన్మార్క్.

ఆవిడ 1917లో రోస్కిల్డె అనే ఊళ్లో ఒక వ్యాపారి ఇంట పుట్టారు. 1935లో ఆ ఊరి పత్రికలోనే విలేకరిగా చేరారు. 1949లో రాజధాని కోపెన్‌హాగెన్‌కి వెళ్లి 'పొలిటికెన్' అనే పెద్ద దినపత్రికలో పనిచేశారు. అంటే సినిమా, టెలివిజన్ రచనకి రాకముందే ఏళ్ల తరబడి మనుషుల్ని చూసి, వాళ్ల మాట తీరు పట్టుకున్నారన్నమాట.

ఆవిడకి శాశ్వతమైన పేరు తెచ్చింది 'మెటడోర్' అనే టెలివిజన్ ధారావాహిక. ఆలోచన ఆవిడదే, రచనలో పెద్దపాలూ ఆవిడదే. దర్శకుడు ఎరిక్ బాలింగ్. 1978 నుంచి 1982 దాకా 24 భాగాలు ప్రసారమయ్యాయి. అప్పట్లో ఆ దేశంలో ఉన్నది ఒకటే చానెల్. ఆ తర్వాత కూడా ఎన్నోసార్లు మళ్లీ వేశారు.

కథ ఏమిటంటారా? 1929లో భార్య పోయిన ఒక వ్యాపారి, చిన్న కొడుకుని వెంటబెట్టుకుని కోర్స్‌బెక్ అనే ఊరికి వస్తాడు. ఇది కల్పించిన ఊరు. అక్కడి పెద్ద బట్టలకొట్టువాళ్లు అతన్ని చిన్నచూపు చూస్తారు. అతను ఎదురుగానే తన కొట్టు పెడతాడు! అక్కణ్ణించి 1947 దాకా సాగుతుంది కథ. ఆర్థికమాంద్యం, యుద్ధం, జర్మన్ల ఆక్రమణ, అన్నీ వస్తాయి. అయితే వాటిని మనం ఎక్కువగా చూసేది వంటిళ్లలోంచీ, కొట్ల గల్లాపెట్టెల దగ్గర్నించీ.

అందులో బ్యాంకు యజమాని భార్య మౌడ్ ఉంది. కాస్త కష్టం వస్తే చాలు, తలనొప్పని మంచమెక్కే మనిషి. 1943లో డెన్మార్క్‌లో యూదుల్ని పట్టుకుపోవడం మొదలైనప్పుడు, బ్యాంకులో పనిచేసే స్టైన్ అనే యూదుడికి ప్రాణాపాయం వస్తుంది. అప్పుడు ధైర్యంగా నిలబడి అతన్ని ఆదుకునేది ఈ మౌడే. ఎవరిలో ఎంత శక్తి దాగి ఉందో రచయిత్రి చెప్పకుండానే చూపించారు.

1992లో ఆవిడ తన బాల్యం గురించి పుస్తకం రాశారు. దాని పేరు మన భాషలో చెప్పాలంటే, 'ఆడపిల్లే కదా!' 1995లో అది సినిమాగా కూడా వచ్చింది. ఆవిడ 2023 జనవరి 1న, నూట అయిదేళ్ల వయసులో కన్నుమూశారు.

మీ అత్తగారో అమ్మమ్మగారో పాత సంగతులు ఎత్తుకుంటే, "మళ్లీ మొదలుపెట్టారా" అనకండి. పక్కన కూర్చుని వినండి, వీలైతే రెండు ముక్కలు రాసి పెట్టుకోండి. ఏ పాఠ్యపుస్తకంలోనూ దొరకని చరిత్ర అది.