లైకెన్ పుట్టగొడుగు

లైకెన్ పుట్టగొడుగు శైవలంతో సహజీవనం చేసే ఒక చిన్న అటవీ శిలీంధ్రము. దీని శాస్త్రీయ నామము లైకెనోంఫాలియా అంబెల్లిఫెరా. ఇది హైగ్రోఫోరేసీ కుటుంబానికి చెందినది. ఉత్తరార్ధగోళంలోని చల్లని ప్రాంతాలలో కుళ్ళుతున్న మానులపైన, ఆమ్లగుణం గల తడినేలపైన పెరుగుతుంది. అనంతపురం పీఠభూమిలో దీనికి అనువైన ఆవాసం లేదు. అయినా అక్కడి బండలపై లైకెన్లను చూసే విద్యార్థికి ఈ పుట్టగొడుగు గురించి తెలిసి ఉండటం అవసరం.

నేపథ్యము

లైకెన్ ఒకే జీవి కాదనీ, శిలీంధ్రమూ శైవలమూ కలిసిన జంట అనీ స్విట్జర్లాండుకు చెందిన సైమన్ ష్వెండెనర్ 1867లో ప్రతిపాదించాడు. నాటి లైకెన్ పండితులలో చాలామంది దీనిని అంగీకరించలేదు. ఈ జంటలో శైవలం కిరణజన్య సంయోగక్రియ ద్వారా ఆహారం తయారు చేస్తుంది. శిలీంధ్రం దానికి ఆశ్రయమిచ్చి, తేమను నిలుపుతుంది. లైకెన్లలోని శిలీంధ్రాలు దాదాపు అన్నీ ఆస్కోమైసిటీస్ తరగతికి చెందినవే. పుట్టగొడుగుల వర్గమైన బెసిడియోమైసిటీస్ నుండి వచ్చినవి నూటికి ఒకటి మాత్రమే. లైకెనోంఫాలియా ఆ కొద్దిపాటి వాటిలో ఒకటి.

పేరు

లిన్నేయస్ 1753లో దీనిని అగారికస్ అంబెల్లిఫెరస్ అని వర్ణించాడు. దీని అడుగున ఉండే ఆకుపచ్చ గుళికలను వేరే జీవిగా భావించి బోట్రిడినా అనే మరొక పేరు పెట్టారు. అంటే ఒకే జీవి పైభాగానికి ఒక పేరు, కిందిభాగానికి మరొక పేరు చాలాకాలం చెలామణి అయ్యాయి. శిలీంధ్రం కొంతకాలం ఓంఫాలినా ప్రజాతిలో ఉండి, 2002లో రెడ్‌హెడ్, మరి ముగ్గురు శాస్త్రవేత్తల వర్గీకరణతో లైకెనోంఫాలియాలో చేరింది. పాత పుస్తకాలలో ఓంఫాలినా ఎరిసిటోరం అని కనిపించేది కూడా ఇదే.

గుర్తింపు

గొడుగు వెడల్పు సాధారణంగా రెండు సెంటీమీటర్ల లోపే ఉంటుంది. రంగు లేత గడ్డిపసుపు నుండి గోధుమ వరకు మారుతుంది. నడుమ బొడ్డులా చిన్న పల్లం, అంచున చారలు ఉంటాయి. గొడుగు కింది మొప్పలు ఎడంగా ఉండి కాడపైకి కొంతదూరం జారతాయి. సిద్ధబీజాలు తెల్లనివి కనుక, గొడుగును కోసి నల్లకాగితంపై రాత్రంతా బోర్లిస్తే వాటి ముద్ర స్పష్టంగా పడుతుంది.

అయితే ఈ లక్షణాలన్నీ ఉన్నా ఇది లైకెన్ అని చెప్పడానికి చాలవు. అసలు ఆధారం కాడ మొదట్లో ఉంటుంది. అక్కడ ఆవగింజకంటే చిన్నవైన ముదురు ఆకుపచ్చ గుళికలు పరచుకొని ఉంటాయి. ఒక గుళికను నలిపి సూక్ష్మదర్శినిలో చూస్తే కోకోమిక్సా అనే శైవలపు కణాలు, వాటిని చుట్టుకొన్న శిలీంధ్ర తంతువులు కనిపిస్తాయి. తంతువులు చుట్టుకొనకుండా పక్కన ఊరకే పాకుడు ఉంటే అది సహజీవనం కాదు. గొడుగును మాత్రమే పైనుండి తీసిన ఛాయాచిత్రంతో నిర్ణయించటం పొరపాటు. మాస్ మొక్కల నడుమ పెరిగే నారింజరంగు రికెనెల్లా ఫిబులా కూడా ఇదే ఆకారంలో ఉంటుంది, కాని దానికి ఈ గుళికలు ఉండవు. దగ్గరి బంధువైన లైకెనోంఫాలియా హడ్సోనియానాలో గుళికలకు బదులు చిన్న ఆకుపచ్చ పొలుసులుంటాయి.

ఆకుపచ్చ రంగును చూసి మోసపోయే సందర్భం మరొకటి ఉంది, అది ప్రమాదకరం. క్లోరోఫిల్లం మోలిబ్డైటిస్ అనే పెద్ద పుట్టగొడుగు భారతదేశంలోనూ వానల తరువాత గడ్డినేలల్లో మొలుస్తుంది. ముదిరాక దాని మొప్పలు పచ్చబారుతాయి. ఆ రంగు సిద్ధబీజాలది, శైవలానిది కాదు. పేరులో క్లోరోఫిల్ ధ్వనించినా దానిలో పత్రహరితం లేదు. లేతదశలో మొప్పలు తెల్లగా ఉండటంతో తినదగినదని భ్రమించే అవకాశం ఉంది. తింటే తీవ్రమైన వాంతులు, విరేచనాలు కలుగుతాయి.

అనంతపురం పీఠభూమిలో

ఇక్కడి వార్షిక వర్షపాతం సుమారు 550 మిల్లీమీటర్లు. వేసవిలో బండలు కాలిపోతాయి. తొలివానలకు పుట్టలపై మొలిచే పుట్టగొడుగులకు కూడా సహజీవనం ఉంది, అయితే అది చెదపురుగులతో. తెలుగువారు ఆ సంబంధాన్ని పేరులోనే గుర్తించారు.

శైవలంతో జీవించే శిలీంధ్రాలు కావాలంటే బండల వద్దకు వెళ్ళాలి. గుత్తి కొండపైన, 2022 నుండి శ్రీ సత్యసాయి జిల్లాలో ఉన్న పెనుకొండ కొండలపైన రాళ్ళకు అంటుకొన్న బూడిద, పసుపు, నారింజ రంగుల మచ్చలు లైకెన్లే. వీటికి గొడుగు రాదు. భూతద్దంతో చూస్తే కొన్నింటిపై చిన్న గిన్నెలు లేదా బిళ్ళలు కనిపిస్తాయి, సిద్ధబీజాలు వాటిలోనే తయారవుతాయి. ఎండకు ఇవి పూర్తిగా ఎండి నిద్రాణస్థితికి చేరుతాయి. ఆకుపచ్చ శైవలం ఉన్న లైకెన్లు గాలిలోని తేమతోనే మళ్ళీ పనిచేయగలవు. నీలి ఆకుపచ్చ శైవలం ఉన్నవాటికి మాత్రం నీరు తగలాలి. కాబట్టి వానలేని నెలల్లో, తెల్లవారుజామున మంచు తేమ ఉన్న కొద్ది గంటలే మొదటివాటికి ఆహారం చేసుకొనే సమయం. ఇటువంటి లైకెన్లు చాలావరకు ఏడాదికి ఒకటి రెండు మిల్లీమీటర్లు మించి పెరగవు. అరచేతి వెడల్పు మచ్చను కత్తితో గీకితే దశాబ్దాల పెరుగుదల పోతుంది. నమూనా అవసరమైతే అంచున గోరంత తీసుకొని, మిగతాది కొలబద్దతో సహా ఛాయాచిత్రం తీయటం మేలు. కొండను గ్రానైటు కోసం తొలిచినచోట ఆ అవకాశమూ ఉండదు.