చెక్కు తిరిగొచ్చిందా? ముందే తేల్చుకుంటే ఖర్చు తక్కువ



చాకీ పురుగులకో, చంద్రికలకో, షెడ్డు సామానుకో అప్పు పెట్టి చెక్కు ఇస్తాం. పంట పోతుంది, లేదా గూళ్ళ ధర పడిపోతుంది. చెక్కు తిరిగొస్తుంది. ఒక్కోసారి రీలరు మనకిచ్చిన చెక్కే తిరిగొస్తుంది. రెండు వైపులా తెలుసుకోవాల్సిన సంగతులు ఇవి.

*కేసు ఎలా పుడుతుంది?*
చెక్కు తిరిగొచ్చినట్టు బ్యాంకు చెప్పిన 30 రోజుల్లో, చెక్కు తీసుకున్నాయన రాతపూర్వకంగా నోటీసు పంపాలి. నోటీసు అందిన 15 రోజుల్లో డబ్బు కట్టేస్తే కేసు లేదు. కట్టకపోతే ఆ తర్వాత నెలలోపు ఆయన కోర్టుకు వెళ్ళాలి. రీలరు చెక్కు మీ చేతిలో ఉంటే ఈ గడువులే మీకు ప్రాణం, దాటనివ్వకండి.

నేరం రుజువైతే నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 138వ సెక్షన్ కింద రెండేళ్ళ దాకా జైలు, లేదా చెక్కు మొత్తానికి రెట్టింపు దాకా జరిమానా, లేదా రెండూ పడొచ్చు. "ఖాళీ చెక్కు మీద సంతకం ఒక్కటే పెట్టాను" అన్నంత మాత్రాన తప్పించుకోలేం. ఆ సంతకం మనదైతే, బాకీ లేదని చూపించాల్సింది మనమేనని సుప్రీంకోర్టు 2019లో చెప్పింది.

*రాజీకి ఎంత ఖర్చు?*
ఈ కేసు ఏ దశలోనైనా రాజీ చేసుకోవచ్చు. మామూలుగా దానికి ఎదుటివాళ్ళ ఒప్పుదల కావాలి. ఆలస్యంగా రాజీకొస్తే బాకీ కాక కోర్టు కొంత ఖర్చు కూడా వేస్తుంది. 2010లో దామోదర్ ప్రభు కేసులో ఇది 10 నుంచి 20 శాతం దాకా ఉండేది. 2025 సెప్టెంబరులో సంజబిజ్ తారి కేసులో సుప్రీంకోర్టు తగ్గించింది. లక్ష రూపాయల చెక్కుకు లెక్క ఇలా:

• మన వైపు సాక్ష్యం మొదలవకముందే కడితే: అదనపు ఖర్చు లేదు
• సాక్ష్యం అయ్యాక, కింది కోర్టు తీర్పుకు ముందు: 5,000
• సెషన్సు కోర్టులో గానీ హైకోర్టులో గానీ: 7,500
• సుప్రీంకోర్టులో: 10,000

మొదటి దశలోనే ఆన్‌లైన్‌లో కట్టే వీలు కల్పించాలనీ, ఆ సంగతి సమన్లలోనే రాయాలనీ అదే తీర్పు చెప్పింది. అయితే ఫోనుకు లింకు వస్తే తొందరపడొద్దు. కేసు నంబరు, కోర్టు పేరు కోర్టులోనో వకీలు దగ్గరో సరిచూసుకున్నాకే కట్టండి.

*తీర్పు వచ్చేశాక?*
1. జైలు లేకుండా జరిమానా మాత్రమే వేసి, కట్టకపోతే జైలు అన్నప్పుడు గడువు అడగొచ్చు. 30 రోజుల్లో మొత్తం కట్టేలా, లేదా రెండు మూడు వాయిదాల్లో కట్టేలా కోర్టు అవకాశం ఇవ్వొచ్చు. దీనికి బాండు రాసివ్వాలి.
2. అప్పీలుకు వెళ్తే, జరిమానా లేదా పరిహారంలో కనీసం 20 శాతం జమ చేయమని కోర్టు చెప్పొచ్చు. గడువు 60 రోజులు. సరైన కారణం చూపితే ఇంకో 30 రోజులు ఇవ్వొచ్చు.
3. అప్పీలులో కూడా రాజీ కుదురుతుంది. లోక్ అదాలత్‌లో తేలితే ఆ ఒప్పందం కోర్టు డిక్రీతో సమానం. మాట తప్పితే డిక్రీ లాగే వసూలు చేస్తారు. కాబట్టి మోయగలిగిన వాయిదాకే ఒప్పుకోండి.

*ఇప్పుడే చేయాల్సినవి*
• కొంత డబ్బు కడితే రసీదు తీసుకోండి. చెక్కు వెనక ఆ మొత్తం రాయించండి, లేదా పాత చెక్కు వెనక్కి తీసుకుని మిగిలిన బాకీకి కొత్తది ఇవ్వండి.
• సమన్లు వస్తే దాచిపెట్టొద్దు. వాయిదాకు పోకపోతే వారెంటు రావచ్చు.
• అవతలివాళ్ళ బ్యాంకు ఖాతా ఎక్కడుంటే మామూలుగా అక్కడే కేసు నడుస్తుంది. అవతలాయన వేరే ఊరివాడైతే ఆ ఊరి కోర్టుకే పోవాల్సి రావచ్చు.
• వకీలుకు డబ్బు లేకపోతే న్యాయసేవల నంబరు 15100కు ఫోను చేయండి. ఆడవాళ్ళకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత సాయం దొరుకుతుంది.

ఇంకో పంట వచ్చాక కడదాం అనుకుంటూ నోటీసు పక్కన పెట్టకండి. కట్టలేని పరిస్థితి ఉంటే ఆ 15 రోజుల్లోనే ఎదుటాయనతో కూర్చుని మాట్లాడండి. ఒప్పందం ఏదైనా కాగితం మీద పెట్టించుకోండి.