ఏటవాలు వీధులలో కాలినడక

నడక ఖర్చులేని వ్యాయామము. పెద్దలు వారమునకు కనీసము 150 నిమిషములు చురుకుగా నడచుచుండినచో గుండెజబ్బు, మధుమేహము, రక్తపు పోటు కలుగు అవకాశము తగ్గును. అయితే నడక మేలు చేయవలెనన్న, నడచు దారి గుణమును గూడ ఎరిగియుండవలెను.

అండమాన్ దీవుల ముఖ్యపట్టణమగు పోర్ట్ బ్లెయిరుకు 2024లో శ్రీ విజయ పురమని పేరు మార్చిరి. 2011 జనాభా లెక్కల నాటికే లక్షకు మించిన ప్రజలు గల ఈ నగరము గుట్టలపై వెలసినది. అబర్డీన్ బజారు నుండి ఏ వైపునకు పోయినను ఎక్కుటయో, దిగుటయో తప్పదు. శ్రీకాకుళం, విశాఖపట్నం తీరముల నుండి వచ్చి జంగ్లీఘాట్ వంటి పేటలలో స్థిరపడిన తెలుగువారికి ఇది నిత్యానుభవము. ఎక్కునప్పుడు మాటాడుటకు ఊపిరి చాలునంత నెమ్మదిగా నడువవలెను. దిగునప్పుడు చిన్న అడుగులు వేయవలెను. ఛాతీలో నొప్పి తోచినచో వెంటనే ఆగి, ఆలసింపక వైద్యసహాయము పొందవలెను.

రెండవ సంగతి చీకటి. మన దేశపు గడియారము 82.5 డిగ్రీల రేఖాంశమును అనుసరించును. ఈ నగరము దానికి సుమారు 10 డిగ్రీలు తూర్పున నున్నది. అందుచే ఇచట సూర్యుడు 40 నిమిషములు ముందుగా నడచును. డిసెంబరులో సాయంత్రము 5 గంటల వేళకే ప్రొద్దు గ్రుంకును. కనుక పని ముగించి ఇల్లు చేరువారు లేతరంగు బట్టలు ధరించి, చేత దీపముంచుకొనుట మంచిది. కాలిబాట లేనిచోట కుడిప్రక్కన, ఎదురు వచ్చు వాహనములను చూచుచు నడువవలెను.

మూడవది వాననీరు. రెండు ఋతుపవనముల వలనను ఇచట ఏటా సుమారు 3,000 మిల్లీమీటర్ల వర్షము కురియును. ఎలుకలు, పశువుల మూత్రముతో కలుషితమైన నీరు కాలిపుండ్ల ద్వారా సోకి లెప్టోస్పైరోసిస్ అను జ్వరమును కలిగించును. 1988 ప్రాంతమున ఈ దీవులలో ప్రబలి, అండమాన్ రక్తస్రావ జ్వరమని పిలువబడిన వ్యాధి ఇదియేనని 1993లో తేలినది. నీరు నిలిచిన వీధిలో వట్టికాళ్లతో నడువరాదు. పుండ్లను కప్పియుంచవలెను. ఇల్లు చేరగానే సబ్బుతో కాళ్లు కడుగవలెను. బురదలో నడచిన పిదప నెలలోపల జ్వరము, పిక్కల నొప్పి, కన్నులు ఎర్రబారుట కనిపించినచో ఆసుపత్రికి పోయి, నీటిలో నడచిన సంగతి చెప్పవలెను. తొలిదినములలోనే మందిచ్చినచో వ్యాధి నయమగును. ఉపేక్షించినచో మూత్రపిండములు, కాలేయము, ఊపిరితిత్తులు చెడి ప్రాణాపాయము కలుగవచ్చును.

ఒక జత చెప్పులు, ఒక చిన్న దీపము, కొంత జాగ్రత్త: ఇవి యున్నచో ఈ గుట్టల వీధులే మీ వ్యాయామశాల.