పడమరకు వెళ్ళిన ఓడ, లెక్కకు రాని ఒక రోజు

1522 జూలై 9, బుధవారం. ఆఫ్రికా పడమటి తీరానికి అవతల ఉన్న కేప్ వెర్డె దీవుల దగ్గర విక్టోరియా అనే ఓడ లంగరు వేసింది. లోపల ఉన్నవాళ్ళు ఆకలితో సగం చచ్చి ఉన్నారు. ఓడ అడుగు నుంచి నీళ్ళు కారుతున్నాయి. తిండి సామాను తెమ్మని కొందరిని పడవలో ఒడ్డుకు పంపారు. పనిలో పనిగా ఈ రోజు ఏ వారమో కూడా కనుక్కోమన్నారు. వాళ్ళు తిరిగొచ్చి, ఒడ్డు మీద అందరూ గురువారం అంటున్నారని చెప్పారు.

ఓడలో ఆంటోనియో పిగఫెట్టా అనే ఇటలీవాడు ఉన్నాడు. దాదాపు మూడేళ్ళుగా ఒక్క రోజు కూడా వదలకుండా డైరీ రాస్తున్నాడు. జబ్బు పడి రాయడం ఆపింది కూడా లేదు. అతని పుస్తకంలో అది బుధవారమే. మరి ఆ ఒక్క రోజు ఎక్కడికి పోయినట్టు?

జవాబు చెప్పుకునే ముందు ఆ ఓడ ఎక్కణ్ణుంచి, ఎలా వచ్చిందో చూడాలి. పిల్లల జీకే పుస్తకాల్లో దీని గురించి ఒక్క వాక్యమే ఉంటుంది: ప్రపంచాన్ని మొదటిసారి ఓడలో చుట్టివచ్చినవాడు మాగెల్లాన్. క్విజ్‌లో అలా రాస్తే మార్కు పడుతుంది కూడా. కానీ విక్టోరియా కేప్ వెర్డె చేరేసరికి మాగెల్లాన్ చనిపోయి పద్నాలుగు నెలలు దాటింది.

మలక్కా దగ్గర మొదలైన కథ

ఫెర్డినాండ్ మాగెల్లాన్ పోర్చుగల్ మనిషి. 1505లో పోర్చుగీసు నౌకాదళంతో హిందూ మహాసముద్రానికి వచ్చాడు. అప్పటికతను నావికుడి కన్నా సిపాయి అనడమే సరైనది. 1511లో అల్బుకెర్క్ సైన్యం మలక్కా సుల్తానుల రాజధానిని పట్టుకున్నప్పుడు ఆ సైన్యంలో ఇతనూ ఉన్నాడు.

మలక్కా అంటే మామూలు రేవు కాదు. గుజరాతీలు, అరబ్బులు, జావా వాళ్ళు, చైనా వాళ్ళు అక్కడ పక్కపక్కనే దుకాణాలు పెట్టుకునేవారు. మన తూర్పు తీరం నుంచి, ముఖ్యంగా పులికాట్ నుంచి, నేత బట్టలు అక్కడికే వెళ్ళేవి. బట్టలు ఇచ్చి మసాలా దినుసులు తెచ్చుకునేవారు. ఇంతమందినీ కలిపిన భాష మలయ్. దక్కన్ బజార్లలో దక్కనీ నడిచినట్టు తూర్పు దీవుల్లో మలయ్ నడిచేది.

మలక్కా పతనమయ్యాక మాగెల్లాన్ అక్కడి ఒక కుర్రాణ్ణి బానిసగా తీసుకుని యూరప్ వెళ్ళాడు. క్రైస్తవం ఇప్పించి ఎన్రిక్ అని పేరు పెట్టాడు. 1519లో మాగెల్లాన్ రాసిన వీలునామాలో ఇతని ప్రస్తావన ఉంది: పుట్టింది మలక్కా, వయసు 26 ఏళ్ళకు అటూ ఇటూ, యజమాని చనిపోయిన రోజు నుంచి స్వతంత్రుడు. ఈ చివరి మాటతో తర్వాత పెద్ద గొడవే అయింది.

అసలు ఈ యాత్రంతా లవంగం కోసం. ఇప్పుడు బిర్యానీలో గుప్పెడు వేస్తాం, పంటి కింద పడితే విసుక్కుంటాం. ఆ రోజుల్లో లవంగం చెట్లు మొలుకస్ అనే చిన్న చిన్న దీవుల్లో తప్ప ప్రపంచంలో ఇంకెక్కడా లేవు. టెర్నాటె, టిడోరె వాటిలో ముఖ్యమైనవి, రెండిట్లోనూ సుల్తానుల పాలనే. 1494లో టోర్డెసిల్లాస్ ఒప్పందంతో పోర్చుగల్, స్పెయిన్ రాజులు ప్రపంచాన్ని రెండుగా పంచేసుకున్నారు. అక్కడ ఉంటున్నవాళ్ళను ఎవరూ అడగలేదు, అది వేరే సంగతి. తూర్పు దారి పోర్చుగల్ చేతిలో ఉంది కాబట్టి స్పెయిన్‌కు పడమటి దారి కావాలి. సొంత రాజుతో చెడిన మాగెల్లాన్ 1517లో స్పెయిన్ వెళ్ళి, ఆ దారి నేను చూపిస్తానన్నాడు.

తోలు, రంపపు పొట్టు, ఎలుకలు

1519 సెప్టెంబరు 20న సాన్లూకార్ రేవు నుంచి ఐదు ఓడలు, సుమారు 240 మంది బయల్దేరారు. దక్షిణ అమెరికా తీరంలో తిరుగుబాటు జరిగింది, దాన్ని మాగెల్లాన్ దయ లేకుండా అణిచేశాడు. ఒక ఓడ తీరానికి కొట్టుకుని పగిలింది. ఖండం దక్షిణ చివర ఇవాళ అతని పేరుతో ఉన్న జలసంధి దొరికింది. దాన్ని దాటుతుండగా ఇంకో ఓడ చెప్పకుండా వెనక్కి తిరిగి స్పెయిన్ వెళ్ళిపోయింది. మిగిలిన మూడు ఓడలు 1520 నవంబరు 28న కొత్త సముద్రంలోకి వచ్చాయి. అలలు నెమ్మదిగా ఉండటంతో దానికి శాంత సముద్రం అర్థం వచ్చే పేరు పెట్టారు. అదే పసిఫిక్.

అదెంత పెద్దదో వాళ్ళకు తెలియదు. కొద్ది వారాల్లో దాటేస్తామనుకున్నది మూడు నెలలు దాటినా అయిపోలేదు. రొట్టె ముక్కలు పురుగులు పట్టి పిండి అయ్యాయి, ఆ పిండి ఎలుకల మూత్రం వాసన కొట్టేదని పిగఫెట్టా రాశాడు. తాగే నీళ్ళు పసుపురంగుకు తిరిగాయి. తెరచాప కొయ్యలకు చుట్టిన తోలును ఊడదీసి, నాలుగైదు రోజులు సముద్రపు నీళ్ళలో నానబెట్టి, నిప్పుల మీద కాల్చి తిన్నారు. రంపపు పొట్టు తిన్నారు. ఎలుక ఒక్కొక్కటి అర డుకాట్ బంగారానికి అమ్ముడుపోయింది, అదీ దొరికితే. చిగుళ్ళు వాచి పళ్ళ మీదికి వచ్చేవి, ఏమీ నమలలేక చనిపోయేవారు. తాజా పండ్లు, కూరలు లేక విటమిన్ సి తగ్గితే వచ్చే స్కర్వీ అది. అప్పట్లో కారణం ఎవరికీ తెలియదు.

1521 మార్చి మధ్యలో ఇప్పటి ఫిలిప్పీన్స్ కనిపించింది. మార్చి 28న లిమసావా దీవి దగ్గర ఒక చిన్న పడవ ఎదురొచ్చింది. ఎన్రిక్ ఓడ మీద నుంచి మలయ్‌లో పలకరించాడు. పడవలోని వాళ్ళకు ఆ మాట అర్థమైంది.

మొత్తం యాత్రలో ఇంతకన్నా పెద్ద ఘట్టం లేదనే చెప్పాలి. మలక్కా నుంచి పడమరకు తీసుకెళ్ళిన మనిషి పడమరకే పోతూ పోతూ తన భాష తెలిసిన చోటికి వచ్చి చేరాడు. భూమి గుండ్రమని చదువుకున్నవాళ్ళకు అప్పటికే తెలుసు. కానీ దాన్ని మనుషుల నోటి మాటతో తెలుసుకున్నది ఆ రోజే. ఎన్రిక్ అక్కణ్ణుంచి మలక్కా చేరి ఉంటే, ప్రపంచాన్ని మొదట చుట్టివచ్చినవాడు అతనే అవుతాడు. చేరాడనడానికి ఆధారం మాత్రం లేదు.

సెబూ రేవులో సయాం నుంచి వచ్చిన ఒక ముస్లిం వ్యాపారి ఉన్నాడు. అతను అక్కడి రాజు హుమబోన్‌తో, వీళ్ళు కాలికట్‌నూ మలక్కానూ జయించినవాళ్ళే, జాగ్రత్త అని హెచ్చరించాడు. ఆ మాట పట్టుకున్న ఎన్రిక్, మా రాజు పోర్చుగల్ రాజు కంటే బలవంతుడని బెదిరించాడని పిగఫెట్టా రాశాడు. వ్యాపారి మాటలో ఒక్క తప్పే ఉంది: వీళ్ళ జెండా స్పెయిన్‌ది. కానీ ఆ జెండా కింద నిలబడ్డ నాయకుడు మాత్రం మలక్కా మీద యుద్ధం చేసినవాడే.

హుమబోన్ మతం మారి స్నేహం కట్టాడు. అతనికి లొంగని మక్తాన్ దీవి నాయకుడు లాపులాపు మీదికి మాగెల్లాన్ స్వయంగా వెళ్ళాడు. ఏప్రిల్ 27 ఉదయం, లోతు లేక ఒడ్డుకు పడవలు రాలేదు. 49 మంది నీళ్ళలో నడుచుకుంటూ దిగారు. దూరంగా ఆగిపోయిన పడవల ఫిరంగులు పనికిరాలేదు. మాగెల్లాన్ అక్కడే చనిపోయాడు.

వీలునామా ప్రకారం ఎన్రిక్ ఆ క్షణం నుంచే స్వతంత్రుడు. కొత్త నాయకుల్లో ఒకడైన దువార్తె బార్బోసా ఒప్పుకోలేదు. నువ్వింకా బానిసవే, పో పని చూడు అన్నాడు. మే 1న హుమబోన్ విందుకు పిలిచి, వెళ్ళిన స్పెయిన్‌వాళ్ళను చంపించాడు. ఎన్రిక్ కలిసి చేసిన కుట్ర ఇదని పిగఫెట్టా ఆరోపణ. ఎన్రిక్ వైపు మాట రాసినవాళ్ళు ఎవరూ లేరు.

టిడోరె సుల్తాన్ కొలువులో

మిగిలినవాళ్ళు ఒక ఓడను తగలబెట్టి రెండు ఓడల్లో సర్దుకున్నారు. బ్రూనైలో పట్టు కప్పిన ఏనుగుల మీద సుల్తాన్ కొలువుకు వెళ్ళారు, బంగారు చెంచాలతో అన్నం తిన్నారు. చివరికి 1521 నవంబరు 8న టిడోరె చేరారు.

అక్కడి సుల్తాన్ అల్-మన్సూర్‌కు టెర్నాటెతో పడదు, టెర్నాటెకు పోర్చుగల్ తోడుంది. కాబట్టి స్పెయిన్ వాళ్ళు రావడం అతనికి కలిసొచ్చింది. ఓడల్లో ఉన్న పందుల్ని చంపేయమని, వాటికి బదులుగా మేకలు, కోళ్ళు ఇస్తానని అడిగాడు. వాళ్ళు ఒప్పుకున్నారు. మధ్యలో వాళ్ళకు సుల్తాన్ మీద అనుమానం వస్తే, అతను ఖుర్ఆన్ తెప్పించి, ముద్దు పెట్టుకుని, నాలుగైదు సార్లు తల మీద పెట్టుకుని, అల్లాహ్ సాక్షిగా స్నేహం తప్పనని ప్రమాణం చేశాడు. ఇవన్నీ పిగఫెట్టా కళ్ళారా చూసి రాసినవే.

ఈ పిగఫెట్టా ఇంకో మంచి పని చేశాడు. అక్కడి ముస్లింలు మాట్లాడే మలయ్ మాటలు నాలుగు వందలకు పైగా రాసుకున్నాడు. ఆ జాబితా అల్లాహ్ అనే మాటతో మొదలవుతుంది. తర్వాత నసరానీ, ముసల్మాన్, కాఫిర్, మస్జిద్, మౌలానా, ఖతీబ్... స్పెల్లింగులు వంకర టింకరగా ఉన్నా మన ఇళ్ళలో ఏ పెద్దమనిషి చదివినా వెంటనే గుర్తుపడతారు. పడమరకే ప్రయాణిస్తూ భూగోళం అవతలి వైపుకు వెళ్తే యూరప్ వాళ్ళకు ఎదురైనవి ఈ మాటలు.

1521 డిసెంబరు 21న విక్టోరియా ఒక్కటే బయల్దేరింది. రెండో ఓడకు చిల్లు పడటంతో ఆగిపోయింది, ఆ తర్వాత పోర్చుగీసుల చేతికి చిక్కింది. విక్టోరియా కెప్టెన్ హువాన్ సెబాస్టియన్ ఎల్కానో, దక్షిణ అమెరికా దగ్గర జరిగిన తిరుగుబాటులో పాలుపంచుకుని శిక్ష తప్పించుకున్నవాడు. పోర్చుగీసు రేవులను తప్పించుకుంటూ హిందూ మహాసముద్రం దాటి, ఆఫ్రికా దక్షిణ కొనను చుట్టాడు. టిడోరెలో 60 మందితో కదిలిన ఓడ కేప్ వెర్డె చేరేసరికి ఇరవైకి పైగా శవాలను సముద్రంలో వదిలింది. అక్కడ బియ్యం కోసం దిగిన 13 మందిని పోర్చుగీసులు పట్టేసుకున్నారు. 1522 సెప్టెంబరు 6న సాన్లూకార్‌కు 18 మంది యూరోపియన్లు తిరిగొచ్చారు. ఓడలోని లవంగాల అమ్మకంతో యాత్ర ఖర్చు తిరిగొచ్చింది. ఎల్కానోకు రాజు ఇచ్చిన రాజముద్ర మీద భూగోళం ఉంటుంది, దాని మీద నన్ను మొదట చుట్టినవాడివి నువ్వే అనే అర్థం వచ్చే లాటిన్ మాట. అదే ముద్రలో లవంగాలు, జాజికాయలు, దాల్చినచెక్క కూడా ఉన్నాయి.

పోయిన రోజు

ఓడ పడమరకు వెళ్తుంటే సూర్యుడు వెళ్ళే వైపే వెళ్తోందని అర్థం. ఒక డిగ్రీ పడమరకు జరిగితే మధ్యాహ్నం నాలుగు నిమిషాలు ఆలస్యంగా అవుతుంది. అంటే ఓడలో ప్రతి రోజూ 24 గంటల కన్నా కొంచెం పొడవు. ఎవరికీ తెలియనంత కొంచెం. 15 డిగ్రీలకు గంట, మొత్తం 360 డిగ్రీలు తిరిగితే 24 గంటలు. మూడేళ్ళలో విక్టోరియా మనుషులు ఒడ్డున ఉన్నవాళ్ళ కన్నా ఒక సూర్యోదయం తక్కువ చూశారు. పిగఫెట్టా డైరీలో తప్పు లేదు, ఒడ్డు వాళ్ళ లెక్కలోనూ తప్పు లేదు.

ఈ సంగతి స్పెయిన్ కొలువులో పెద్ద చర్చ అయింది. పండుగలు, ఉపవాసాలు తప్పు రోజున జరిపామా అని నావికుల భయం. వెనిస్ రాయబారి కాంటరీని సరైన వివరణ ఇచ్చాడు.

కానీ ఆ వివరణ అప్పటికే రెండు వందల ఏళ్ళ పాతది. సిరియాలోని హమా నగరాన్ని పాలించిన అబుల్ ఫిదా 1321లో పూర్తి చేసిన తఖ్వీముల్ బుల్దాన్ అనే భూగోళ గ్రంథంలో ఇదే లెక్క వేశాడు. ముగ్గురు మనుషులు. ఒకడు ఉన్నచోటే ఉంటాడు, ఒకడు పడమరకు, ఒకడు తూర్పుకు భూమిని చుట్టి మళ్ళీ కలుసుకుంటారు. పడమరకు వెళ్ళినవాడి లెక్కలో ఒక రోజు తగ్గుతుంది, తూర్పుకు వెళ్ళినవాడికి ఒక రోజు పెరుగుతుంది. మన మాటల్లో చెప్పుకుంటే, ఊళ్ళో ఉన్నవాడికి జుమా అయిన రోజు ఒకడికి గురువారం, ఇంకొకడికి శనివారం. నమాజు వేళలు సూర్యుణ్ణి బట్టి ఉంటాయి కాబట్టి ఏ ఊళ్ళో ఎప్పుడు మధ్యాహ్నం అవుతుందన్నది ముస్లిం ఖగోళ పండితులకు రోజూ ఉండే పనే.

ఇక్కడ ఒక జాగ్రత్త. వాట్సాప్‌లో తిరిగే మెసేజ్‌ల్లాగా, ముస్లింలే ముందు ప్రపంచాన్ని చుట్టారు అని దీన్ని మార్చి చెప్పకూడదు. అబుల్ ఫిదా లెక్క వేసింది కాగితం మీద, చుట్టడం సాధ్యమైతే అని షరతు పెట్టుకుని. పసిఫిక్‌లో తోలు నమిలింది వేరే మనుషులు.

రోజు ఎక్కడ మారాలన్న తగువు అక్కడితో తీరలేదు. స్పెయిన్ వాళ్ళు ఫిలిప్పీన్స్‌ను అమెరికా మీదుగా వచ్చి పాలించారు కాబట్టి అక్కడి క్యాలెండర్ పక్క దీవుల కన్నా మూడు వందల ఏళ్ళ దాకా ఒక రోజు వెనక నడిచింది. చివరికి 1844 డిసెంబరు 31ని పూర్తిగా ఎత్తేసి సరిచేశారు. పసిఫిక్‌లోని సమోవా 2011లో ఇదే పని చేసింది. డిసెంబరు 29 గురువారం రాత్రి పడుకున్నవాళ్ళు 31 శనివారం నిద్ర లేచారు. ఆ వారం సమోవాలో శుక్రవారమే లేదు. అదే దేశం 1892లో అమెరికాతో వ్యాపారం కోసం జూలై 4ను రెండు రోజులు నడిపించింది. 119 ఏళ్ళ తర్వాత ఆస్ట్రేలియా, న్యూజిలాండ్‌లతో వ్యాపారం కోసం ఆ రోజును తిరిగి ఇచ్చేసింది.