సమను ఎవరి చేతికి?

కోర్టు నుంచి వచ్చే కాగితాన్ని మా అమ్మమ్మ తాఖీదు అంటుంది. మా అప్పా సమన్ అంటారు. తెచ్చే మనిషిని మాత్రం ఇద్దరూ అమీనా అనే అంటారు. పేరేదైనా పని ఒకటే: నీ మీద ఫలానావాళ్ళు దావా వేశారు, ఫలానా రోజు వచ్చి నీ మాట చెప్పుకో అని తెలియజేయడం. ఒక మనిషి మాట వినకుండా తీర్పు చెప్పకూడదు అంటాం కదా, ఆ సూత్రమంతా ఈ కాగితం మీదే నిలబడి ఉంది. వినడానికి జడ్జిగారు సిద్ధంగానే ఉంటారు. పిలుపే అందకపోతే వెళ్ళేదెవరు?

ఆస్తి, అప్పు, అద్దె వంటి దావాలకి 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ ఉంది. అందులో ఐదో ఆర్డరంతా సమన్ల గురించే. సమనుతో పాటు దావా అర్జీ నకలు ఉండాలి, ఊరికే రమ్మంటే చాలదు. హాజరు కావడానికి చాలినంత గడువు ఇవ్వాలి. మొదట ప్రతివాది చేతికే ఇవ్వాలి. ఆ మనిషి ఇంట్లో లేకపోతే, ఇప్పట్లో వచ్చేలా కూడా లేకపోతే, కలిసి ఉంటున్న కుటుంబంలో పెద్దవాళ్ళెవరికైనా ఇచ్చి సంతకం తీసుకోవచ్చు.

ఈ 'పెద్దవాళ్ళు' అంటే ఎవరు? 1908లో రాసినప్పుడు ఆ నియమంలో ఉన్నది వయసొచ్చిన మగవాడు అని. 1976లో సవరణ చేసి 'ఆడైనా మగైనా' అని మార్చారు. అది 1977 ఫిబ్రవరి 1 నుంచి అమలైంది. అప్పటిదాకా అమీనా వచ్చినప్పుడు తలుపు తీసింది తల్లో భార్యో అయితే, చట్టం లెక్కలో ఇంట్లో ఎవరూ లేనట్టే.

క్రిమినల్ కేసుల సంగతి ఇంకా విచిత్రం. 1898 నాటి చట్టం కూడా కుటుంబంలోని మగవాడికే ఇవ్వమంది. దానికి తోడు, మద్రాసు లాంటి ప్రెసిడెన్సీ పట్టణాల్లో అయితే యజమానితో ఉండే నౌకరుకైనా ఇవ్వొచ్చు అంది. నౌకరు తీసుకోవచ్చు, ఇల్లాలు తీసుకోకూడదు! 1973లో కొత్త కోడ్ తెచ్చినప్పుడు నౌకరుని తీసేశారు కానీ 'మగవాడు' అన్న మాటని అలాగే దించేశారు. అప్పుడు దేశానికి ప్రధానమంత్రి ఇందిరా గాంధీ. ఆవిడ సంతకంతో దేశం నడుస్తోంది, ఆవిడే కొడుకు పేరున వచ్చిన క్రిమినల్ సమను తీసుకుని సంతకం పెట్టడానికి మాత్రం పనికిరారు. ఈ మాట పోయింది 2024 జూలై 1న, భారతీయ నాగరిక్ సురక్షా సంహిత అమల్లోకి వచ్చినప్పుడు. మనలో చాలామంది ప్లస్ టూ చదువుతున్న రోజుల్లో కూడా అది చట్టంలో ఉందన్నమాట.

చట్టం మారినా ఇళ్ళల్లో అలవాటు మారలేదు. "మగవాళ్ళు లేరు, తర్వాత రండి" అని తలుపేసుకోవడం మనందరం చూసిందే. కాగితం తీసుకుంటే తప్పు ఒప్పుకున్నట్టే అని ఒక భయం కూడా ఉంటుంది. అదేం కాదు. సంతకం అంటే అందింది అని మాత్రమే. తీసుకోనంటేనే అసలు చిక్కు. అప్పుడు అమీనా ఆ కాగితాన్ని వీధి తలుపుకి అంటించి, ఏ పరిస్థితుల్లో అంటించాడో, ఇల్లు చూపించింది ఎవరో, ఎవరి ఎదుట అంటించాడో రాసి కోర్టుకి పంపుతాడు. (మనకంటే ముందు ఎదురింటివాళ్ళు చదువుతారు, అది వేరే సంగతి.) ఆ రిపోర్టుతో కోర్టు తృప్తి పడితే సమను అందినట్టే. ఆ రోజు వెళ్ళకపోతే కేసు ఎక్స్ పార్టీ అవుతుంది, అంటే అవతలివాళ్ళ మాట మాత్రమే విని డిక్రీ ఇచ్చేయొచ్చు.

ఆస్తి దావాల్లో ఇది ఆడపిల్లలకి మరీ దగ్గరి విషయం. 2005 సవరణతో హిందూ ఉమ్మడి ఆస్తిలో కూతురికి కొడుకుతో సమానంగా హక్కు వచ్చింది. కాబట్టి భాగం పంచమని దావా వేస్తే అక్కచెల్లెళ్ళని కూడా చేర్చాలి. ఒకామె పెళ్ళయి కోయంబత్తూరులో ఉంటోందనుకోండి. దావాలో ఆమె చిరునామాగా పుట్టిల్లే వేశారు. అమీనా వచ్చాడు, అన్న సంతకం పెట్టి తీసుకున్నాడు, ఆమెకి చెప్పలేదు. చట్టప్రకారం ఇది సరైన అందజేత కాదు. ఎంతమంది ప్రతివాదులుంటే అంతమందికీ అందాలి. తీసుకున్న మనిషి ఆమెతో కలిసి ఉంటున్నవాడై ఉండాలి. కానీ ఇది చెల్లదని కోర్టుకి చెప్పాల్సింది ఎవరు? కేసున్నట్టే తెలియని ఆమే.

అలాంటప్పుడు డిక్రీని రద్దు చేయమని అడిగే దారి ఉంది. సమను సరిగ్గా అందకపోతే, డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి 30 రోజుల్లో అర్జీ పెట్టుకోవాలి. అయితే చిన్న చిన్న లోపాలు చూపించి తప్పించుకోవడానికి లేదు. విచారణ తేదీ ముందే తెలిసి, రావడానికి టైము కూడా ఉండి రాలేదని తేలితే కోర్టు రద్దు చేయదు. నాకు ఇది న్యాయంగానే తోస్తుంది, దావా వేసినవాళ్ళు కూడా ఏళ్ళ తరబడి తిరుగుతుంటారు కదా.

నాకు సమాధానం దొరకనిది భాష విషయం. ఇక్కడ కింది కోర్టుల కాగితాలు తమిళంలోనో ఇంగ్లీషులోనో వస్తాయి. మా అమ్మమ్మకి తమిళం మాట్లాడటం బాగా వచ్చు, చదవడం రాదు. తెలుగైతే పేపరు మొత్తం చదివేస్తుంది. ఆవిడ సంతకం ఇప్పుడు చట్టానికి సరిపోతుంది. కాగితంలో ఏముందో ఆవిడకి అర్థమైందా అని మాత్రం ఎవరూ అడగరు.

అందుకే తీసుకున్న కాగితాన్ని దేవుడి గూట్లోనో బియ్యం డబ్బా మీదో పెట్టి మర్చిపోకుండా, అందిన తేదీని దాని మీదే రాసి, ఎవరి పేరున వచ్చిందో వాళ్ళకి అదే రోజు ఫోన్ చేసి చెప్పాలి. సివిల్ దావాలో లిఖితపూర్వకంగా జవాబు ఇవ్వడానికి ఉండేది 30 రోజులు. కోర్టు కారణం చూసి పెంచినా 90 రోజుల లోపలే అని చట్టంలో రాసి ఉంది. ఆ రోజుల్ని లెక్కపెట్టేది అమ్మమ్మ సంతకం పెట్టిన నాటి నుంచి, కొడుకు ఊరి నుంచి వచ్చి కవరు విప్పిన నాటి నుంచి కాదు.