అల్ప వ్యయ చలనచిత్రం

అల్ప వ్యయ చలనచిత్రం అనగా పెద్ద నిర్మాణసంస్థల పెట్టుబడి లేకుండా, దర్శకుని సొంత సొమ్ముతోనో మిత్రుల సహాయంతోనో నిర్మింపబడే చిత్రం. ఇందు డబ్బు లోటును మనుషుల శ్రమతో పూడ్చుతారు. ఒకే వ్యక్తి రచయిత, దర్శకుడు, నటుడు, అవసరమైతే కారు డ్రైవరు కూడా కావటం మామూలే.

హైదరాబాదులో

1998లో విడుదలైన హైదరాబాద్ బ్లూస్ ఇందుకు ప్రసిద్ధ ఉదాహరణ. అమెరికాలోని అట్లాంటాలో పర్యావరణ ఇంజనీరుగా పనిచేసిన నగేష్ కుకునూర్ తాను కూడబెట్టిన డబ్బుతో దీనిని నిర్మించి, కథానాయక పాత్ర కూడా తానే ధరించాడు. ఖర్చు సుమారు 17 లక్షల రూపాయలు, చిత్రీకరణ 17 రోజులు.

2011లో రామ్ గోపాల్ వర్మ దొంగల ముఠా చిత్రాన్ని ఐదుగురు సాంకేతిక సిబ్బందితో, ఐదు రోజులలో పూర్తిచేశాడు. ఖర్చు 6.5 లక్షలని ప్రకటించారు. రవితేజ, ఛార్మి, ప్రకాష్ రాజ్ వంటివారు ముందుగా పారితోషికం తీసుకోలేదు. వారి పారితోషికం లెక్కగడితే ఇది అల్ప వ్యయ చిత్రం కాజాలదు.

చిన్న యూనిట్లకు నగర శివార్లు అనుకూలమైనవి. మేడ్చల్ 44వ జాతీయ రహదారిపైన, శామీర్‌పేట రాజీవ్ రహదారిపైన ఉన్నవి. చెరువు, బండరాళ్ళు, పొలాలు దగ్గరలోనే దొరుకుతాయి. ఉదయం వెళ్ళి రాత్రికి తిరిగి రావచ్చును గనుక బస ఖర్చు ఉండదు. పగటి వెలుగుకు అద్దె లేదు.

నటనా పద్ధతులు

నటుడు తన స్వానుభవాల జ్ఞాపకాలనుండి భావాన్ని రప్పించుకొనే పద్ధతిని రష్యాలో స్టానిస్లావ్‌స్కీ రూపొందించగా, అమెరికాలో లీ స్ట్రాస్‌బర్గ్ ప్రచారం చేశాడు. దీనినుండి శరీరాన్ని కష్టపెట్టే ధోరణి ఒకటి పుట్టింది. రేజింగ్ బుల్ (1980) కొరకు రాబర్ట్ డి నీరో సుమారు 27 కిలోల బరువు పెరిగాడు. అతడు బరువు పెరిగేవరకు చిత్రీకరణను నెలల తరబడి ఆపవలసివచ్చింది. అంతకాలం ఆగటం డబ్బున్నవారికే చెల్లును.

డబ్బు లేనివారు ఆకలిని నేరుగా వాడుకున్నారు. ది బ్లెయిర్ విచ్ ప్రాజెక్ట్ (1999) నటులు అడవిలో ఎనిమిది రోజులు తామే కెమెరాలు పట్టుకొని తిరిగారు. వారికిచ్చే ఆహారాన్ని దర్శకులు రోజురోజుకు తగ్గించారు, రాత్రివేళ గుడారాన్ని కుదిపారు. భయం, విసుగు తెరపై నిజంగానే కనిపించాయి. పాత్రనుండి బయటపడటానికి నటులకు ఒక సంకేతపదం ఉండేది. ఇటువంటి ప్రయోగాలలో అది లేకపోతే నటన ఎక్కడ ఆగిందో, బాధ ఎక్కడ మొదలైందో పక్కవారికి తెలియదు.

వేంకటేష్ మహా దర్శకత్వంలో వచ్చిన కేరాఫ్ కంచరపాలెం (2018) వేరే దారి పట్టింది. విశాఖపట్నంలోని ఆ పేటకు చెందిన 80 మందికి పైగా స్థానికులే ఇందులో నటించారు. నిర్మాత ప్రవీణ పరుచూరి కూడా సలీమా పాత్ర ధరించింది. అమెరికాలో ఆమె హృద్రోగ వైద్యురాలు.