లహైనా... కాలిపోకముందే కెమెరాకెక్కిన ఊరు

హవాయిలోని మావీ దీవి పడమటి ఒడ్డున ఉంటుంది లహైనా. ఊరి నడిబొడ్డున ఓ మర్రిచెట్టు. 1873లో మన దేశం నుంచి తెప్పించి నాటినప్పుడు దాని ఎత్తు ఎనిమిదడుగులే. ఊడలు దిగి, ఆ ఊడలే మానులై అర ఎకరానికి పైగా నీడ పరిచింది. 2023 ఆగస్టు 8న దాని చుట్టూ ఉన్న ఊరు తగలబడింది. వందమందికి పైగా చనిపోయారు. రెండు వేలకు పైగా కట్టడాలు బూడిదయ్యాయి. మాడిన మర్రి మాత్రం సెప్టెంబరులో చిగురేసింది.

ఆ ఊరిని ఎడ్డీ కమాయే అంతకు పదహారేళ్ల ముందే సినిమాగా తీసి పెట్టాడు. 'లహైనా: వేవ్స్ ఆఫ్ చేంజ్' 2007లో వచ్చింది.

కమాయే సినిమా చదువు చదివినవాడు కాదు. పేరుమోసిన ఉకులేలే కళాకారుడు. ఆ విద్య కూడా గురువు దగ్గర నేర్చింది కాదు. ఎవరో బస్సులో మర్చిపోయిన ఉకులేలేని, ఆ బస్సు నడిపే అన్న ఇంటికి తెచ్చాడు. నాలుగు తీగల ఆ బుల్లి వాయిద్యంతో మొదలైన కుర్రాడు, 1960 నాటికి గిటారిస్టు గాబీ పహినుయితో కలిసి 'సన్స్ ఆఫ్ హవాయి' బృందం కట్టేశాడు. హవాయి భాషలోని పాత పాటల కోసం దీవులన్నీ తిరిగాడు. 1896 చట్టం బడుల్లో ఇంగ్లిషునే బోధనా భాషగా చేయడంతో, ఆ పాటలు తెలిసినవాళ్లు ముసలివాళ్లే మిగిలారు. వైపియో లోయ కవి శామ్ లియా అలాంటివాడే. 1975లో ఆయన పోయాడు. కమాయే తొలి చిత్రం ఆయన మీదే. 1988లో అది విడుదలయ్యేసరికి కమాయేకి అరవై ఏళ్లు. భార్య మిర్నా తోడుగా నిలిచింది. అడవుల మీద 'లిజన్ టు ది ఫారెస్ట్' 1991లో తీశాడు.

ఈ చిత్రాల్లో తొందర ఉండదు. పెద్దవాళ్లు మాట్లాడతారు, పాడతారు. రీల్స్‌కు అలవాటుపడిన కళ్లకు నత్తనడకే అనిపిస్తుంది. నాకైతే ఆ నిదానమే నచ్చింది.

లహైనా కథకు ఆ నిదానం అవసరం కూడా. 1845 దాకా అది హవాయి రాజ్యానికి రాజధాని. చెరువులు, సీమపనస తోపులు ఉన్న తడి నేల. మొకుహినియా చెరువు మధ్య మొకువుల అనే చిన్న దీవిలో రాజకుటుంబం ఉండేది. 1860లో పయనీర్ మిల్లు వచ్చింది. కొండవాగుల నీళ్లు చెరకు తోటలకు మళ్లాయి. చెరువు దోమల మడుగైంది. 1914లో మట్టి పోసి పూడ్చి, పైన ఆటస్థలం కట్టారు. 1999లో మిల్లు మూతపడింది. బీడుపడ్డ చెరకు భూముల్లో పరాయి గడ్డి మొలిచి, ఎండి, నిలువెత్తున పేరుకుంది. 2023లో మంటను ఊరిదాకా మోసుకొచ్చిన ఇంధనం ఆ గడ్డే. నేరమంతా ఈదురుగాలి మీదికి నెట్టేస్తే సగం కథే చెప్పినట్టు. నీళ్లు మళ్లించిన ఏళ్లు మిగతా సగం.

కమాయే 2017 జనవరిలో 89వ ఏట కన్నుమూశాడు. ఊరు కాలడం చూడలేదు.

అమెరికాలో ఉన్న మన తెలుగు కుటుంబాలు సెలవులకు మావీ వెళ్లడం మామూలే. టికెట్లు బుక్ చేసుకునేముందు ఓ సాయంత్రం ఈ లహైనా చిత్రానికి కేటాయించండి.